మూకీలో అడుగులు

కెనడాలో, మిస్సిసాగాలోని ఆ చిన్న థియేటర్లో పాత మూకీలు వేసినప్పుడల్లా, తెరపక్కన కూర్చుని వాయించేది కోటేశ్వరరావే. పన్నెండేళ్లుగా అక్కడ ఆయన మృదంగమే. ఆఫీసులో ఎవరికీ పట్టని మనిషిని గురువుగారూ అని పిలిచే చోటు అదొక్కటే.

ఈ ఏడు ఆ చోటికి ఇండియా నుంచి చదువుకోడానికొచ్చిన ఒక స్టూడెంట్ కూడా అప్లై చేసిందని తెలిసి ఆయనకు ఒళ్లు మండిపోయింది.

"ఈ స్టూడెంట్లు గోడౌన్లలో షిఫ్టులు పట్టేశారు. బేస్‌మెంట్లన్నీ అద్దెకు దిగి నింపేశారు. ఇక నా మృదంగం మీద పడ్డారా?" అని మేనేజర్ శాంత మీద ఎగిరాడు.

"ఇద్దరూ ఒకే ఫిల్ముకి వాయించండి అంకుల్. అందులో నర్తకి అడుగు ఎవరి దెబ్బకి కలిస్తే వాళ్లకే సీజనంతా," అంది శాంత.

శనివారం మధ్యాహ్నం బ్రాంప్టన్ నుంచి రెండు బస్సులు మారి, రూమ్మేట్ మృదులను వెంటబెట్టుకుని వచ్చింది ఆ స్టూడెంట్, చరిత. భుజాన డప్పు.

"చావులకి కొట్టేది ఇక్కడికి మోసుకొచ్చావా?" అన్నాడు కోటేశ్వరరావు, ఆమె వెనక నిలబడి.

చరిత తిరిగైనా చూడలేదు. పొగరు, అనుకున్నాడు.

నూట ఇరవై ఏళ్లనాటి ఫిల్ము. నిమిషం నిడివి. రెక్కల్లాంటి బట్టలు విసురుతూ ఒక నర్తకి. చేత్తో తిప్పిన కెమెరా కదా, ఒకసారి పరుగులు తీస్తుంది, ఇంకోసారి మోకాలిలోతు నీళ్లలో నడిచినట్టు కదులుతుంది.

ముందు కోటేశ్వరరావు వాయించాడు. ఆయన తాళం తప్పలేదు. నర్తకే తాళానికి నిలవలేదు. మూడుచోట్ల పాదం నేలకు ఆనాక గానీ మృదంగం పలకలేదు.

తర్వాత చరిత. తెర మీంచి చూపు తిప్పలేదు. పాదం పడ్డచోటల్లా దెబ్బ పడింది.

వెనక సీట్లోంచి కోటేశ్వరరావు కావాలనే తప్పుతాళం వేశాడు. గట్టిగా చప్పట్లు కొట్టాడు. దగ్గాడు. హాల్లో వాళ్లంతా వెనక్కి తిరిగి గుర్రుగా చూశారు. చరిత చెయ్యి మాత్రం తొణకలేదు.

"ఈ సీజన్ చరితదే," అంది శాంత.

ఆయన విసురుగా స్టేజీ ఎక్కాడు. అటు తిరిగి డప్పు సర్దుకుంటున్న చరిత వీపు చూసి గొంతు చించుకున్నాడు.

"నేనంత గోల చేస్తే నీకు చీమ కుట్టినట్టయినా లేదే! పెద్దవాణ్ణి, ఇన్ని మాటలంటుంటే ఒక్కదానికైనా బదులు చెప్పవేం?"

మృదుల వచ్చి, చరితను భుజం తట్టి తనవైపు తిప్పుకుని, నోరు మెదపకుండా, ఆయనన్న ఒక్కో మాటనీ చేతివేళ్లతో ఆమెకు చెప్పింది.