నలభై నిమిషాలు

“ఒక్క మాట చెప్పండి మావయ్యా. వంటింటి గడియారం ఎంత ముందుంది?”

కోడలు హాలు గుమ్మంలో నిలబడి అడిగింది. చేతిలో ఇంకా ఒక చెయ్యి అల్లాల్సిన స్వెటరు. చాప మీద కూర్చున్న శిష్యులిద్దరూ, లెక్కల మాష్టారూ టైలరూ, వినకూడని మాట విన్నట్టు తలలు దించుకున్నారు.

మామగారు గొంతు సవరించుకున్నారు. “శిల్పాన్ని చూడాలి అమ్మాయ్. కొలవకూడదు.”

“నాలుగూ పదికి బండి. ఐదు నిమిషాలే ఆగుతుంది. మా తమ్ముణ్ణి దూరపు జైలుకి మార్చేస్తున్నారు. కిటికీ పక్కన కూర్చోబెడతానని కానిస్టేబులు మాటిచ్చాడు. ఇది తప్పితే మళ్ళీ ఎన్నేళ్ళకో! ఈ ఒక్కరోజూ మీ కళ పక్కన పెట్టలేరా?”

ఆయన శిష్యుల వైపు చూశారు. “గడియారం చూసుకుని వెళ్ళమ్మా” అన్నారు చివరికి.

ఆ ఇంట్లో ఆ మాటకి అర్థం లేదు. మామగారు కాలశిల్పుల సంఘానికి పెద్ద. రాయి దొరికినవాడు రాయి చెక్కుతాడు, మట్టి దొరికినవాడు కుండ చేస్తాడు, పుట్టిన ప్రతివాడికీ దొరికేది కాలమొక్కటే, దాన్ని చెక్కకుండా వదిలేయడమే పాపం అంటారు వాళ్ళు. అందుకని గదికో కాలం. హాలు గడియారం వెనకబడి నడుస్తుంది, వచ్చినవాళ్ళకి తొందర ఉండకూడదని. వంటింటిది ముందు, ఆకలికంటే వంట ముందుండాలని. ఏది ఎంత తేడానో పైకి చెప్పకూడదు. ఒకసారి పెట్టిన ముల్లు దిద్దకూడదు. దిద్దినవాడికి సంఘంలో చోటు లేదు. ఆఫీసుకి ఆలస్యమవుతోందని ముల్లు ముట్టుకుని కిందటేడు పోస్టుమాస్టరు అలాగే వెలి అయ్యాడు. ఆ తీర్పు చెప్పింది మామగారే.

ఇంట్లో ఉన్న ఒకే ఒక్క చేతిగడియారం మొగుడి చేతికుంది. ఆ చెయ్యి డ్యూటీలో ఉంది.

అయితే కోడలు అంత అమాయకురాలేం కాదు. నిన్న ఫ్యాక్టరీ పన్నెండు గంటల కూత వినగానే వంటింట్లోకి పరిగెత్తి చూసుకుంది. పన్నెండూ నలభై. ఇవాళ ఫ్యాక్టరీకి సెలవు, కూత లేదు. అందుకే ఇంకోసారి రూఢి చేసుకుందామని అడిగింది. చెప్పకపోతే పీడా పోయె. స్టేషనుకి ఇరవై నిమిషాల నడక. గడియారంలో నాలుగూ ఇరవైకి గడప దాటితే నాలుక్కల్లా ప్లాట్‌ఫారం మీదుంటుంది. ఈలోపు రెండో చెయ్యి అల్లేయొచ్చు. వాడు వెళ్ళేది చలి ఊరు.

వంటింట్లో గోడకి ఆనుకుని సూదులు అందుకుంది. కాసేపటికి మామగారు గుమ్మంలోకి వచ్చారు.

“మూడూ నలభై అయిందమ్మా.”

“చూశాను మావయ్యా.”

“మరి బయల్దేరవేం? రిక్షా పిలవనా?”

“ఎందుకూ, బోలెడు టైముంది. నా లెక్క నాకుందిలెండి” అని నవ్వింది.

ఆయన ఇంకేదో అనబోయారు. వెనకే లెక్కల మాష్టారు వచ్చి నిలబడ్డాడు. “గురువుగారూ! తమరు నిమిషాలు చెబుతున్నారేమిటి?”

మామగారు గడియారం మీంచి చూపు తిప్పుకున్నారు. “ఏం లేదు, పదండి” అంటూ అతణ్ణి వెంటబెట్టుకుని వెళ్ళిపోయారు.

నాలుగు దాటాక మళ్ళీ వచ్చారు. దాహం లేకపోయినా గ్లాసుడు నీళ్ళు తాగారు. గడియారాన్నీ కోడలినీ మార్చి మార్చి చూశారు. హాల్లోంచి దగ్గు వినిపించేసరికి గ్లాసు పెట్టేసి వెళ్ళారు. ముసలాయన చాదస్తం అనుకుంది కోడలు. చేతి అంచు ముడి వేస్తూ, ఈ ఇంటికొచ్చాక మొదటిసారి ఆ నలభై నిమిషాలకి మనసులోనే దండం పెట్టుకుంది. అవి లేకపోతే తమ్ముడు ఒంటిచేతి స్వెటరు తొడుక్కోవాల్సి వచ్చేది.

సరిగ్గా నాలుగూ ఇరవైకి ఊలు పళ్ళతో కొరికి, స్వెటరు కాగితంలో చుట్టి బయల్దేరింది.

ప్లాట్‌ఫారం మీద ఒకావిడ చీపురు పట్టుకుని ఊడుస్తోంది. ఇంకెవరూ లేరు.

“ఇంకా సిగ్నలు పడలేదా?”

“ఏ బండికి తల్లీ?”

“నాలుగూ పది.”

“అదా! పోయి అరగంట కావొస్తోంది.” ఆవిడ చీపురెత్తి పైనున్న గడియారం చూపించింది. నాలుగూ నలభై.

“ఇది ముందుందా?” అంది కోడలు. అలవాటైపోయింది మరి.

“స్టేషను గడియారం ముందుండడమేమిటమ్మా?” ఆవిడ ఎగాదిగా చూసి గొంతు తగ్గించింది. “కిటికీ దగ్గర సంకెళ్ళతో ఒకతను... బండి మలుపు తిరిగేదాకా ‘అక్కా, అక్కా’ అని కేకలేస్తూనే ఉన్నాడు. ఆ అక్కవి నువ్వేనా?”

కోడలు బెంచీ మీద కూలబడింది. పోట్లాడదామంటే మనిషి లేడు, పరిగెడదామంటే ఉత్త పట్టాలు. కాగితం పొట్లం ఒళ్ళో పెట్టుకుని గట్టిగా ఏడ్చేసింది.

అంతలో మామగారు వచ్చారు. కాళ్ళకి చెప్పుల్లేవు. రొప్పుతున్నారు. “కనిపించాడా?”

“నలభై నిమిషాలు ముందే కదా మావయ్యా అది! నిన్న కూతతో సరిచూశాను! ఆ నలభై తీసేసుకునే కదా బయల్దేరాను!”

ఆయన బెంచీ కోడు పట్టుకుని మెల్లగా నేలమీదే చతికిలబడ్డారు.

“పొద్దున్న నువ్వు స్నానానికి వెళ్ళినప్పుడు, ఆ నలభై నేనే తీసేశానమ్మా... నీ కోసం.”