చివరి బెంచీ దాకా

"వందనా, వినిపిస్తుందా?"

"ఏం వినిపిస్తలేదే! నోరు కదులుతున్నట్టయితే ఉంది" అంది ముప్పై అడుగుల అవతల చెట్టు కింద కూర్చున్న వందన.

నర్మదకి ఏడుపొక్కటే తక్కువ.

గురుకులం లెక్చరర్ పోస్టుకి రాతపరీక్ష గట్టెక్కింది. సోమవారం డెమో. బోర్డు దగ్గర నిలబడి పది నిమిషాలు పాఠం చెప్పాలి. పోయినసారి పోస్టు పోయింది అక్కడే. "వెనక్కి వినపడటం లేదమ్మా" అన్నారు. ఈసారీ పోతే మళ్లీ నోటిఫికేషన్ ఎప్పుడో ఆ పైవాడికే తెలియాలి.

అందుకే అశోక్ నగర్ లైబ్రరీ ఆవరణలో, పొద్దున్నే ఏడింటికి, రూమ్మేట్ వందనని చివరి బెంచీ చేసి కూర్చోబెట్టింది.

ఇంకా గట్టిగా అరిచింది. గొంతు చీలి, కీచుమని ఆగిపోయింది.

అప్పుడొచ్చాడు ఆ ముసలాయన.

కుడిచెయ్యి వేలాడుతోంది. మూతి ఓ పక్కకి లాగేసింది. గడ్డం మాసింది. చొక్కా గుండీలు ఎగుడుదిగుడుగా ఉన్నాయి.

నర్మద ఎదురుగా నిలబడి ఏదో చెప్పబోయాడు. మాట రాలేదు. ఎడమచేత్తో కడుపు తట్టుకున్నాడు. కడుపు ఉబ్బించి, లోపలికి లాగి, మళ్లీ తట్టి చూపించాడు.

"అయ్యో, ఆకలైతుందా తాతా? జర ఆగు."

పరుగున వెళ్లి గేటు బయట ఈదయ్య బండి మీంచి ప్లేటు ఇడ్లీ తెచ్చి పెట్టింది.

ముసలాయన ఇడ్లీ వంక చూశాడు. నర్మద వంక చూశాడు. వంకర మూతితోనే నవ్వి, నాలుగూ తినేశాడు.

"పాపం, ఎన్ని దినాల సంది తిన్లేదో" అంది నర్మద. పుణ్యం చేసుకున్న మొహం ఒకటుంటుంది చూడండి, ఆ మొహం పెట్టుకుని.

మర్నాడు మళ్లీ వచ్చాడు. మళ్లీ కడుపు చూపించాడు. మళ్లీ ఇడ్లీ.

మూడోనాడు తిన్నాక కూడా పోలేదు. పక్కన సిమెంటు బెంచీ మీద కూర్చుని, కళ్లు మూసుకుని "ఊఁ..." అన్నాడు. అంత బక్క మనిషిలోంచి అంత లావు శబ్దం! బెంచీ సన్నగా అదిరింది. వెంటనే కళ్లు తెరిచి, కడుపు తట్టుకున్నాడు.

"ఇంకో ప్లేటు కావాల్నంటనే!" పడీ పడీ నవ్వింది వందన.

నర్మదకి నవ్వు రాలేదు. డెమోకి రెండే రోజులుంది.

ఆదివారం పొద్దున ఆమె గొంతు రెండుసార్లు చీలింది. ముసలాయన ఇడ్లీ ప్లేటు పక్కన పెట్టి లేచి వచ్చాడు. ఈసారి తన కడుపు కాదు, నర్మద కడుపు వైపు వేలు చూపించాడు.

నర్మదకి ఎక్కడలేని కోపం ముంచుకొచ్చింది.

"ఏంది తాతా? నా కడుపు కొట్టి నీకు పెట్టాల్నా? రేపు నా బతుకు తేలేదుంది. నన్ను పరేషాన్ చెయ్యకు. పో, ఇంకోల్లని అడుగు పో!"

ముసలాయన వేలు గాల్లోనే ఆగిపోయింది. పెదవులు కాసేపు అల్లాడాయి. తర్వాత తల వంచుకుని, కాలీడ్చుకుంటూ వెళ్లిపోయాడు.

అడుక్కునేవాడి మీద కోప్పడటమంత తేలిక పని ఈ లోకంలో ఇంకోటి లేదు.

సోమవారం, డెమో మొదలైన మూడో నిమిషంలో నర్మద గొంతు చీలింది. "వెనక్కి వినపడటం లేదమ్మా" అన్నారు మళ్లీ. రెండంటే రెండు మార్కుల్లో పోస్టు పోయింది.

ఫలితాలొచ్చిన మర్నాడు, హాస్టల్ ఖాళీ చేసే ముందు, లైబ్రరీలో ఉండిపోయిన పుస్తకాల కోసం వచ్చింది. ఈదయ్య బండి దగ్గర డెబ్బై ఏళ్ల ముసలావిడ నిలబడి ఉంది.

"గీ పిల్లనే అమ్మా నేను చెప్పింది. పొద్దుగాల పాఠం చెప్పుకునే పిల్ల" అన్నాడు ఈదయ్య.

ఆవిడ దగ్గరికొచ్చి నర్మద చేతులు పట్టుకుంది.

"నా పేరు దమయంతి. చిక్కడపల్లిలో ఉంటాం. మా అన్నయ్య సూర్యప్రకాశరావుకి ఇడ్లీలు పెట్టింది నువ్వేనా తల్లీ? అన్నయ్య పోయి పదిహేను రోజులైంది. పోయేముందు ఓ నాలుగు రోజులు, సాయం పట్టనివ్వకుండా గుండీలన్నీ తనే పెట్టుకుని, తెల్లారగానే బయల్దేరేవాడు. ఎన్నాళ్లకో ఆ మొహంలో నవ్వు చూశాను. ఎక్కడికెళ్లేవాడో వెతుక్కుంటూ వస్తే నువ్వు కనిపించావు."

నర్మద చేతులు వెనక్కి లాక్కుంది.

"నా చేతులు పట్టుకోకుండ్రి అమ్మా. ఆఖరు దినం నేను తిట్టి పంపిన. ఆకలితోని వచ్చిన మనిషిని..."

"ఆకలా?" దమయంతి తెల్లబోయింది. "పెసరట్టు తింటేగానీ గడప దాటేవాడు కాదే! అసలు ఇడ్లీ అంటే చిన్నప్పట్నుంచీ గిట్టదు. నువ్వు పెట్టావని తిన్నాడేమో."

"మరి రోజూ కడుపెందుకు చూపించిండు?"

దమయంతి కొంగుతో కళ్లు తుడుచుకుంది.

"పక్షవాతం వచ్చి మాటా రాతా రెండూ పోయాయమ్మా. అంతకుముందు ముప్పై ఏళ్లు జర్మనీలో ఒపెరాలు పాడాడు. మన పద్యనాటకం లాంటిదే. మంద్రమైన గొంతు కదా, రాజుల వేషాలూ దయ్యాల వేషాలూ అన్నయ్యకే ఇచ్చేవాళ్లు. ఏ శిష్యుడొచ్చినా మొదటి పాఠం ఒకటే. గొంతు చించుకోకు, కడుపులోంచి ఊపిరి తియ్యి అని, ఇలా తట్టి చూపించేవాడు."

నర్మద చెయ్యి తన కడుపు మీదకి పోయింది.

"అక్కడ మైకు పెట్టరు తల్లీ, రెండు వేలమంది కూర్చున్న హాల్లో మా అన్నయ్య పాట ఆఖరి వరసలో వాళ్లకి కూడా మాటమాటా వినిపించేది."