ముట్టుగుడ్డ

చంద్రుణ్నీ, ఆడవాళ్ల నెలసరినీ కలిపి మాటల్లేని సినిమా ఒకటి తీయాలని కెమెరాతో నారాయణఖేడ్ వచ్చాను. ముట్టయి కొట్టంలో వేరుగా కూర్చున్న మహానంద గుడ్డ ఉతుకుతుంటే నీళ్లు ఎర్రబడాలి. అదే నా చివరి షాట్.

ఆ మాట చెప్పి కెమెరా తీయగానే ఆమె అత్త భీమమ్మ చీపురు పట్టుకొని మీదికొచ్చింది.

"సిగ్గుశరం లేదా నీకు? పట్నపోళ్లకు ముట్టు గాదా? పోయి నీదే తీస్కో!"

వాకిట్లోంచి ఆమె కొడుకు, మహానంద మొగుడు, అరిచాడు. "ఇంక ఎన్నొద్దులుంటదే అది బయట? ఇయ్యాల లోపటికి రాకుంటే జుట్టు వట్టి ఈడ్చుకొస్త!"

మహానంద ఉలిక్కిపడి గుడ్డను తొట్టిలో ముంచింది. ఆమె మోచేతుల దాకా కమిలిన దెబ్బలు. నేను కెమెరాలోంచి చూస్తూనే ఉన్నాను. నీళ్లు తేటగానే ఉన్నాయి. గుడ్డ మీద మరకే లేదు.

భీమమ్మ అరచెయ్యి కెమెరాకు అడ్డం పడింది. వాకిలివైపు తిరిగి గొంతెత్తింది.

"దానికి ముట్టు ఇంక ఆగలేదురా! ముట్టుకుంటివంటే బోరంచ పోచమ్మ తల్లి ఊకోదు. దూరముండు!"

తర్వాత నా చెవి దగ్గరకొచ్చి పళ్లు కొరికింది.

"ఎర్రగ గావాల్నా? కుంకుమ కలుపుకో. గీ నీళ్లు మాత్రం ఎవ్వలకు సూపియ్యకు."