పడవ ముక్కులో బరువు

"లాగండి! ఇంకా గట్టిగా!"

కూలీలు తాళ్లతో పడవను ఒడ్డుకు ఈడ్చేసరికి, పడవలు కట్టే ఆ అన్నాచెల్లెళ్లలో చెల్లెలి గొంతు అరిచి అరిచి బొంగురుపోయింది. ఆమె సొంతంగా ఊహించి, గీసి కట్టించిన మొదటి పడవ అది. నీళ్లలోకి దించగానే అందరి ముందూ ముక్కు ముంచుకుని మునిగిపోయింది.

"కాగితం మీద ఏ పడవైనా తేలుతుందమ్మా," అన్నాడు కొనడానికొచ్చిన రేవు కాంట్రాక్టరు. "నాకు మీ నాన్నగారి పాత రకమే కట్టివ్వండి."

"అదే మంచిదండీ," అన్నాడు అన్నయ్య గబుక్కున.

ఆమెకి ఒళ్లు మండిపోయింది. ముక్కే ఎందుకు మునిగిందో చూడాలని గొడ్డలి అందుకుని దాని మీది పైపలక పగలగొట్టింది. ఖాళీగా ఉండాల్సిన చోట ఇనుప దిమ్మలు, బోల్టులేసి మరీ బిగించి ఉన్నాయి.

"ఎవరు పెట్టారివి?"

కూలీలు అన్నయ్య వైపు చూశారు.

"అరవకే తల్లీ," అన్నాడు అన్నయ్య. "ఇంత తేలిక పడవ గాలికి ఆగుతుందా? నువ్వెక్కినట్టూ, అది బోల్తా పడినట్టూ రోజూ నా కళ్లకు కట్టినట్టు కనబడేది. అందుకే కాస్త బరువు..."

ఆమె చేతిలో గొడ్డలి ఆగిపోయింది. తనకి తేలుతూ కనబడిన పడవే అన్నకి మునుగుతూ కనబడింది. చివరికి అతను చూసిందే జరిగింది.

జాలేసింది. కానీ కోపమే గెలిచింది.

"కాంట్రాక్టరు గారూ, ఆగండి! ఇనుము పీకేసి ఇప్పుడే మళ్లీ దించుతాను, నేనే ఎక్కుతాను. నా గీతలో తప్పు లేదు. దీన్ని ముంచింది మా అన్నయ్య!"