బేకరీ స్థలానికి ఇద్దరు యజమానులు

“లైసెన్సు ఎందుకు ఆపారు?” అని జడ్జి అడిగారు.

“స్థలం ఎవరిదో తేలలేదండీ,” అన్నాడు మునిసిపాలిటీ అధికారి. “అభ్యంతరం లేదని యజమాని చెప్పాలి. యజమానులమని ఇద్దరొచ్చారు. ఇద్దరికీ అభ్యంతరమే.”

ఆ ఇద్దరూ బావా బావమరుదులు. ఒకే బెంచీకి చెరో చివర కూర్చున్నారు. మధ్యలో బేకరీ ఆవిడ కూర్చుంది. ఆ స్థలంలో షెడ్డు వేసుకుని రొట్టెలు కాల్చి అమ్మేది ఆవిడే. లైసెన్సు లేదని పోయిన వారం ఆవిడ పొయ్యికి సీలు వేశారు. సోమవారానికి రొట్టె రాకపోతే వేరే చోట చూసుకుంటామని ఆస్పత్రి క్యాంటీను వాళ్లు చెప్పేశారు. ఆవిడ సరుకు కొనేది వాళ్లే.

“మీకు బేకరీతో ఏమిటి ఇబ్బంది?” జడ్జి బావను అడిగారు.

“బేకరీతో ఏమీ లేదండీ. రొట్టె బాగానే ఉంటుంది. కాదనే హక్కు నాకుందని తెలియాలి కదా, అందుకని కాదన్నాను.”

“మీకు?”

బావమరిది లేచాడు. “ఆయన కాదన్నాక నేను ఊరుకుంటే స్థలం ఆయనదని ఒప్పుకున్నట్టేనండీ. అందుకని నేనూ కాదన్నాను.”

“మీ ఇద్దరి పంతానికీ నా పిండి పులిసిపోయింది,” అంది బేకరీ ఆవిడ. ఆ మాట ఎవరూ రాసుకోలేదు.

జడ్జి అధికారివైపు తిరిగారు. “లైసెన్సు లేకుండా ఇన్నాళ్లు నడిచింది కదా. దానికి శిక్ష ఏమిటి?”

“మూడు నెలల దాకా జైలండీ.”

“ఈవిడకా?”

“కాదండీ. ఈవిడకి సీలు వేశాం, అక్కడితో సరి. జైలు స్థలం యజమానికి. పొయ్యి పెట్టనిచ్చింది ఆయనే కాబట్టి.”

బెంచీ కిర్రుమంది. బావమరిది గొంతు సవరించుకున్నాడు.

“అయ్యా, ఆ స్థలం మా బావది.”

“అదేం మాట బామ్మర్దీ,” అన్నాడు బావ. “మీ నాన్న స్థలం నాదెలా అవుతుంది?”

“మా నాన్న నీకు నోటిమాటగా ఇచ్చాడని నిన్నటిదాకా నువ్వే కదా చెప్పావు.”

“చివరి రోజుల్లో మామయ్యకి మతిమరుపు. నన్నే పోస్టుమ్యాన్ అనుకునేవాడు. ఆ మాట పట్టుకుంటే ఎలా? కొడుకువి, నీదే.”

బావమరిది జడ్జివైపు తిరిగాడు.

“అసలు అది మా నాన్న కొన్నది కాదండీ. ఖాళీగా కనిపిస్తే కంచె వేశాడు.”

“నిజమండీ,” అన్నాడు బావ వెంటనే. “ఆ కంచెకు రాళ్లు మోసింది నేనే.”

“అయితే మీ ఇద్దరిలో ఎవరిదీ కాదంటారు.”

“కాదండీ,” అన్నారు ఇద్దరూ.

“మరి బేకరీకి అభ్యంతరం?”

“పరాయి స్థలం, మాకెందుకుంటుందండీ,” అన్నాడు బావ. బావమరిది తలూపాడు. వాళ్లిద్దరూ ఒక మాట మీద ఉండటం బేకరీ ఆవిడ అప్పుడే చూసింది.

ఇద్దరి మాటలూ నమోదు చేయించి, జడ్జి అధికారిని అడిగారు. “ఇంకేమైనా అడ్డం ఉందా?”

“ఏమీ లేదండీ. కాదనడానికి యజమానే లేడు. సాయంత్రానికి సీలు తీసి లైసెన్సు ఇచ్చేస్తాం.”

బేకరీ ఆవిడ ఫోన్ తీసి, మైదా దించమని కొట్టువాడికి గుసగుసగా చెప్పింది. బావా బావమరుదులు బెంచీ మీద కొంచెం దగ్గరికి జరిగారు.

ఇంకో కేసు కోసం వచ్చి, వెనక కుర్చీలో తన వంతుకు ఎదురుచూస్తున్న ప్రభుత్వ వకీలు లేచి కోటు సర్దుకున్నాడు.

“ఎవరిదీ కాని స్థలం ప్రభుత్వానిదండీ. మాకు అభ్యంతరం ఉంది.”