పెద్దపులికి పంపిన ఆట

పెద్దపులి బహుమతిని రెండోసారి కూడా తిప్పికొట్టింది.

గ్రంథాలయం కింది గదిలో కీబోర్డుల దుమ్ము తుడుస్తున్న కంప్యూటర్ టీచరమ్మ ఫోన్ చూసి అక్కడే కుర్చీలో కూలబడింది. ఆమె నిన్న ఆన్‌లైన్‌లో కంప్యూటర్ ఆట ఒకటి కొని, పెద్దపులి పేరు మీద బహుమతిగా పంపింది. అవతలివాళ్లు "తీసుకుంటాను" అని నొక్కితే ఆట వాళ్లదవుతుంది. "వద్దు" అని నొక్కితే వెనక్కి వచ్చేస్తుంది. నిన్న వెనక్కి వచ్చింది. ఇవాళ మళ్లీ పంపితే మళ్లీ వచ్చింది. పైగా ఈసారి కింద ఒక ముక్క కూడా ఉంది: "నీ పప్పులు నా దగ్గర ఉడకవు."

"ఏమైందమ్మా, మొహం అలా వేలాడేశావు?" అన్నాడు మూలన కూర్చుని చిరిగిన పుస్తకాలకు అట్టలు అతికిస్తున్న బైండింగు బాబాయి.

"నా ఫ్రెండు అలిగింది బాబాయ్. ఫ్రెండంటే... అమ్మాయో అబ్బాయో తెలీదు."

"అదేం ఫ్రెండే?"

"రెండేళ్లుగా ఆన్‌లైన్‌లో కలిసి ఆడుతున్నాం. మాట్లాడుకోం, టైపు చేసుకోవడమే. అక్కడ దాని పేరు పెద్దపులి."

"మరి నీ పేరు?"

"చిట్టెలుక."

బాబాయి నవ్విన నవ్వుకి జిగురు డబ్బా ఒలికింది.

"నవ్వకు బాబాయ్. ఎప్పుడూ అదే నన్ను కాపాడేది. మొన్న శత్రువులు దాన్ని చుట్టుముట్టారు. నా వంతు వచ్చేసరికి నేను వదిలేసి పారిపోయాను. అది చచ్చిపోయింది."

"అయ్యో!"

"ఆటలోలే. సారీ అని రాయడానికి సిగ్గేసి, ఇద్దరం కలిసి ఆడుకునే కొత్త ఆట కొని పంపాను. చూడు, ఎలా విసిరికొట్టిందో." ఆమె ఫోన్‌ని బాబాయి వైపు తిప్పింది. "నాకున్నది అదొక్కటే బాబాయ్."

"అయితే మళ్లీ పంపు. ఈసారి కాళ్లావేళ్లా పడు. మీ పిన్ని అలిగితే నేను చేసేది అదే."

టీచరమ్మ మూడోసారి పంపింది. కింద ఇలా రాసింది: "నిజంగా నేనే. నన్ను నమ్ము. ఈ ఒక్కసారికి తీసుకో, ప్లీజ్."

మెట్ల మీద చప్పుడయింది. ఆమె ఫోన్‌ని సొరుగులో పడేసి కళ్లు తుడుచుకుంది. ఆరుగురు పెద్దవాళ్లు ఒకరి వెనక ఒకరు దిగి వచ్చారు. ముందు రిటైరైన రైలు డ్రైవరుగారు, చివర అల్లికల మామ్మగారు. మౌసు పట్టుకుంటే మామ్మగారి చెయ్యి వణుకుతుంది గానీ, ఊలు సూదులు పట్టుకుంటే మాత్రం వేళ్లు కంటికి కనపడవు. క్లాసులో కూడా ఒళ్లో సగం అల్లిన స్వెట్టరు, దాని కింద ఒక టాబ్లెట్.

ఆన్‌లైన్ మోసాల క్లాసు ఎప్పుడూ ఒకేలా మొదలవుతుంది.

"ఊరికే ఏదైనా ఇస్తామంటే?" అంది టీచరమ్మ, తెచ్చిపెట్టుకున్న హుషారుతో.

"వద్దంటాం!" అన్నారు అందరూ.

"బాగా తెలిసినవాళ్ల పేరుతో వస్తే?"

"అస్సలు నమ్మం!"

"ఎందుకని?"

"దొంగ మనవాళ్ల పేరు కాజేసి, మనవాడిలాగే వస్తాడు!" రైలు డ్రైవరుగారి గొంతు స్టేషన్‌లో కూతలా మోగింది.

"కాళ్లావేళ్లా పడితే?"

"బ్లాక్ చేసి పారేస్తాం!"

"భేష్. ఇప్పుడు ఫోనో కంప్యూటరో, ఎవరికి వాళ్లు ప్రాక్టీసు చెయ్యండి."

అందరూ తలలు వంచుకున్నాక ఆమె సొరుగు కాస్త లాగి చూసింది. బహుమతి మూడోసారీ వెనక్కి వచ్చింది. అంతేకాదు, స్నేహితుల జాబితాలో పెద్దపులి పేరే లేదు. ఉన్న ఒక్క పేరూ పోయి, ఆ జాబితా తుడిచిన పలకలా ఉంది.

ఆమె సొరుగు మూసేసి, బల్ల మీది కొత్త పెన్ను తీసింది. నేర్చుకున్నదాన్ని ఆ వారం నిజంగా వాడినవాళ్లకి పెన్ను ఇవ్వడం ఆ క్లాసులో అలవాటు.

"ఈ వారం ఎవరికి?" అంది నీరసంగా.

రైలు డ్రైవరుగారు లేచారు. "నాకు లాటరీ తగిలిందని మెసేజి వచ్చింది. వెంటనే ఫోన్ ఆపేసి, బీరువాలో పెట్టి, తాళం వేశాను. నాలుగు రోజులైంది."

"ఇంకా బీరువాలోనే ఉందా?"

"మరి తీస్తే దొంగ వచ్చేయడూ?"

ఘొల్లుమన్నారు. ఆ నవ్వుల మధ్య అల్లికల మామ్మగారు ఊలు సూది పైకెత్తారు.

"నాకు తగిలినవాడు మహా మొండివాడు అమ్మాయ్. మూడుసార్లు వచ్చాడు. మొదటిసారి వద్దన్నాను. రెండోసారి నాలుగు చీవాట్లు పెట్టాను. ఇందాక వచ్చి ఏడుపు మొదలెట్టాడు. ఇదిగో, ఇప్పుడే, ఇక్కడే కూర్చుని బ్లాక్ చేశాను."

టీచరమ్మ మొహం ఆ రోజు మొదటిసారి వెలిగింది. తన బతుకు ఎలా ఉన్నా, పాఠం మాత్రం పనికొచ్చింది. "శభాష్ మామ్మగారూ! చప్పట్లు కొట్టండి అందరూ!" అని అందరికంటే గట్టిగా తనే కొట్టి, పెన్ను తీసుకెళ్లి ఆవిడ చేతిలో పెట్టబోయింది.

మామ్మగారు పెన్ను ముట్టుకోలేదు. కళ్లజోడు తీసి, స్వెట్టరు అంచుతో కళ్లు ఒత్తుకున్నారు.

"ఈ పెన్ను నాకెందుకు తల్లీ? మొన్న ఆటలో నేను చచ్చినా నా నేస్తం పారిపోయి బతికిందని ఎంత సంబరపడ్డానో! ఆ దొంగవెధవ దాని పేరు కాజేశాడు. నా చిట్టెలుకని మళ్లీ ఎక్కడ వెతుక్కోవాలో, ఆ పాఠం చెప్పు!"