కిటికీలో నార్సిసస్

"నీళ్లలో కాస్త వోడ్కా కలిపితే ఈ పూల కాడలు సాగిపోకుండా పొట్టిగా, గట్టిగా నిలబడతాయటే," అన్నారు మా ఆయన, నార్సిసస్ దుంపల గిన్నె కిటికీలో పెడుతూ.

ఆయన తాగుడు మానేసి నాలుగేళ్లయింది.

"పూలకా, పూల పేరు చెప్పి మీకా?"

"నీ అనుమానం తగలెయ్య! మొక్కల షాపాయన్నే అడుగు."

అడగలేదు. ఆయన స్నానానికి వెళ్లగానే, పూల కోసమంటూ తెచ్చిన సీసాలోని వోడ్కా పారబోసి, నీళ్లు నింపాను. వాసన పట్టే ముక్కు ఆయనకు ఎప్పుడో పోయింది. గుక్క వేసి గొంతు మండకపోతే తనే బయటపడతారని కనిపెట్టుకుని ఉన్నాను.

నాలుగో వారం ఆయన సీసా పట్టుకుని వచ్చారు.

"ఇవి వట్టి నీళ్లే. అమ్మినవాడు మోసం చేశాడు."

"దొరికారు! నోట్లో పోసుకోకుండా ఎలా తెలిసింది?"

ఆయన కిటికీ చూపించారు. మూరెడు సాగిన కాడలు మొగ్గలతో సహా గిన్నె బయటికి వాలిపోయి ఉన్నాయి.

"రోజు విడిచి రోజు కొలిచి పోశానే. పొట్టిగా పూస్తే నువ్వు నమ్ముతావనుకున్నాను."

నేను లేచి చెప్పులు వేసుకున్నాను.

"ఎక్కడికి?"

"వాడినేం అనకండి, మంచి సరుకే ఇచ్చాడు. ఈసారి సీసా నేను తెస్తాను."